ఐర్లండ్ నుంచి వచ్చిన మా పెద్దమ్మ

ఆషాఢంలో ఒక మధ్యాహ్నం, ఏలూరులో మా స్కూల్లో తొమ్మిదో తరగతికి పాఠం చెబుతుండగా అటెండరు వచ్చి హెడ్మాస్టరుగారు రమ్మంటున్నారని చెప్పాడు. క్లాసులో ఉన్నంతసేపూ సెల్ ఆపేసుకోవడం నా అలవాటు. అందుకని తాడేపల్లిగూడెంలో మా పెద్దమ్మకి తోడుగా ఉండే షమీమ్ స్కూలు ఆఫీసుకి ఫోన్ చేసింది. బల్ల మీద పక్కకి పెట్టి ఉన్న రిసీవరు తీసుకున్నాను.

"టీచరుగారూ, అమ్మగారు వెళ్ళిపోయారండీ," అంది.

అన్నం తిన్నారట. వరండాలో కుర్చీలో కూర్చుని మంచినీళ్ళు అడిగారట. షమీమ్ లోపలికి వెళ్ళి వచ్చేసరికి తల పక్కకి వాలి ఉందట. "నిద్రపోతున్నారనుకున్నానండీ. పిలిస్తే పలకలేదు. గ్లాసు ఇంకా నా చేతిలోనే ఉందండీ," అంది. కింద పెట్టమని చెప్పాలని కూడా నాకు తోచలేదు.

తాడేపల్లిగూడెం బస్సులో కూర్చున్నాక, వెళ్ళి చేయవలసిన పనులు ఆలోచించుకుందామనుకున్నాను. ఒక్క పనీ గుర్తుకు రాలేదు. గుర్తొచ్చినదల్లా ఆమె బంగాళదుంప తోలు తీసే పద్ధతి. తోలుతోనే ఉడకబెట్టి, కంచంలో వేసుకుని, వేడిగా ఉండగానే గోళ్ళతో ఒలిచేది. చేతులు కాలవా అని చిన్నప్పుడు అడిగితే, "కాలతాయండీ. అప్పుడే రుచి," అనేది. నేను ఆమె మరిది కూతుర్ని. పదేళ్ళ పిల్లని. నాతో కూడా అండీ అనే మాట్లాడేది.

తాడేపల్లిగూడెంలో ఆమె చాలామందికి డాక్టరుగారి దొరసానమ్మ. ఆ పిలుపు ఆమెకి నచ్చేది కాదు. కొత్తవాళ్ళెవరైనా అంటే ఓపిగ్గా సర్దిచెప్పేది. "దొరలు మా ఊళ్ళోనూ ఉండేవాళ్ళండీ. మా తాతగారు వాళ్ళ కింద కౌలుకి చేసినాయన. నన్ను దొరసాని అన్నారని తెలిస్తే ఆయన ఊరుకోడు," అని నవ్వేది. విన్నవాళ్ళకి సగం అర్థమయ్యేది. తెల్లగా ఉన్నవాళ్ళంతా ఒకటేనని మా వైపు అనుకోవడం. ఇంగ్లండు వేరు, ఐర్లండు వేరని నాకు తెలిసింది కూడా ఆమె చెబితేనే.

ఐర్లండుకి పడమటి తీరాన ఒక చిన్న పల్లెలో ఆమె పుట్టింది. రాళ్ళేరుకుంటే తప్ప దుంప వేయడానికి జాగా దొరకని పొలం. ఆరుగురు పిల్లలు. పెద్దవాడు పొలం చూసుకోవడానికి ఉండిపోయాడు. మిగిలినవాళ్ళు ఒకరి వెనక ఒకరు అమెరికాకి, ఆస్ట్రేలియాకి, ఇంగ్లండుకి వెళ్ళిపోయారు. వాళ్ళ పల్లెలో ప్రతి ఇంట్లోనూ అదే కథ. ఆమె చిన్నతనంలో ఎవరైనా ఓడ ఎక్కబోతుంటే ఇరుగుపొరుగు వచ్చి ఇల్లంతా నిండేవాళ్ళట. టీ, పాటలు, ఆటలు అన్నీ ఉండేవట. బయలుదేరే వేళకి మాత్రం ముసలివాళ్ళు, చనిపోయిన మనిషి కోసం ఏడ్చినట్టు, శోకాలు పెట్టి ఏడ్చేవాళ్ళట. వెళ్ళినవాళ్ళు మళ్ళీ రారని అందరికీ తెలుసు. పెద్దమ్మ వాళ్ళ నాయనమ్మ అలాంటి ఏడుపులో ఊరికే పెద్ద.

పెద్దమ్మ వంతు వచ్చేసరికి ఆ నాయనమ్మ లేదు. పద్దెనిమిదేళ్ళ పిల్ల నర్సు ట్రైనింగుకని ఇంగ్లండు వెళ్తుంటే తల్లి ఏడవలేదు. గుమ్మంలో నిలబడి, "గొడుగు పెట్టుకున్నావా?" అని మాత్రం అడిగింది. ఈ సంగతి చెప్పినప్పుడల్లా పెద్దమ్మ ఆ ఒక్క మాటా తల్లి గొంతుతోనే అనేది. తల్లి ఆమెతో నేరుగా అన్న ఆఖరి మాట అదే.

ఇంగ్లండులో ఆమె చేరిన ఆసుపత్రిలోనే మా పెదనాన్న డాక్టరు చదువు పై మెట్టు కోసం వచ్చి ఉన్నాడు. పెదపాడు దగ్గర పల్లె నుంచి వెళ్ళిన రైతుబిడ్డ. ఇద్దరూ మాట్లాడుకున్నది వార్డులో కాదట. ఒక ఆదివారం గది అద్దెకి కావాలని వేరువేరుగా ఒకే ఇంటికి వెళ్ళారు. ఇల్లుగలావిడ పెదనాన్న రంగు చూసి లేదంది. వెనకే ఉన్న పెద్దమ్మ నోరు తెరవగానే, ఆ ఐర్లండు యాస విని ఆమెకీ లేదని తలుపు వేసేసింది. మెట్ల మీద ఇద్దరే మిగిలారు. "నన్నెందుకు వద్దన్నారో తెలుసు. మిమ్మల్నెందుకండీ?" అని పెదనాన్న అడిగాడట. "ఆ ఇల్లుగలావిడే మా పెళ్ళిపెద్ద," అనేది పెద్దమ్మ.

మతం కానివాణ్ణి చేసుకుందని తెలిశాక తల్లి దగ్గర నుంచి జాబులు ఆగిపోయాయి. పెద్దమ్మ రాస్తూనే ఉంది. చాలాకాలం రాసి, తర్వాత క్రిస్మస్‌కి మాత్రం ఒక కార్డు వేసేది. జవాబు లేకపోవడం గురించి ఆమె తల్లిని ఒక్క మాట అనగా నేను వినలేదు.

పెదనాన్న ఆమెని మా పల్లెకి తీసుకొచ్చినప్పుడు నేనింకా పుట్టలేదు. మా అమ్మ చెబితే విన్నదే. నాయనమ్మ కొన్నాళ్ళు వంటింటి గుమ్మం దాటనివ్వలేదు. కోపంతో కాదట, ఏం చేయాలో తెలియక. వచ్చిన అమ్మాయి చీర కట్టుకోవడం రాక, వీధిలో పిల్లలు వెంటపడితే దొడ్లోకి వెళ్ళి గేదెల దగ్గర కూర్చునేది. ఒకరోజు పాలు తీసే మనిషి రాలేదు. ఆమే చెంబు తీసుకుని, గేదె పొట్టకి తల ఆనించి పాలు పితికి తెచ్చి నాయనమ్మ ముందు పెట్టింది.

"మీ దేశంలో గేదెలున్నాయేంటమ్మా?" అంది నాయనమ్మ. ఆ మాట పెదనాన్న ఇంగ్లీషులో చెబితే, "ఆవులు. చాలా," అందట, వచ్చిన రెండు తెలుగు ముక్కలు కలిపి. ఆ రోజు నుంచి ఆమె వంటింట్లోకి వచ్చింది.

కోడలి పేరు నోరు తిరగక నాయనమ్మ మరో పేరు పెట్టబోయింది. అప్పటికి కొంచెం మాటలు వచ్చిన పెద్దమ్మ, "అత్తయ్యగారూ, అక్కడి నుంచి నేను తెచ్చుకున్నది అదొకటేనండీ. ఉండనివ్వండి," అందట. నాయనమ్మ ఉండనిచ్చింది, కానీ పిలవలేక చివరిదాకా "అమ్మాయ్" అనే పిలిచింది. పెద్దమ్మ తెలుగంతా నాయనమ్మ దగ్గర నేర్చుకున్నదే. అందుకే ఆమె మాట్లాడితే మా పల్లె ముసలమ్మ ఎవరో మాట్లాడినట్టుండేది. నేను కాలేజీ రోజుల్లో మరిచిపోయిన మాటలు ఆమె నోట వినేదాన్ని.

పెదనాన్న తాడేపల్లిగూడెంలో స్టేషన్ దగ్గర బోర్డు పెట్టాడు. ముందు గదుల్లో ఆసుపత్రి, వెనక కాపురం. పురుళ్ళన్నీ పెద్దమ్మ చూసేది. వాళ్ళకి ఒక మగపిల్లవాడు పుట్టాడు. పారాడే వయసులో విరేచనాలు పట్టుకుని రెండు రోజుల్లో పోయాడు. ఇద్దరూ వైద్యం తెలిసినవాళ్ళు, ఇద్దరి చేతుల్లోనే పోయాడు. పసివాణ్ణి పల్లెకి తీసుకెళ్ళి మా పొలం గట్టున పాతిపెట్టారు.

పెద్దమ్మ ఏడవలేదు. మనిషి బిగుసుకుపోయింది. మూడోనాడు నాయనమ్మ వచ్చి ఎదురుగా నేల మీద చతికిలబడి, కొంగు తల మీదకి లాక్కుని, ఊగుతూ శోకం మొదలుపెట్టింది. పిల్లవాడి కాళ్ళ గురించి, వాడు పట్టుకు నిలబడిన మంచం కోడు గురించి, తాగకుండా వదిలిన పాల గురించి ఒక్కొక్కటీ చెప్పుకుని రాగం తీసి ఏడ్చింది. కాసేపటికి పెద్దమ్మ నేల మీదకి జారి అత్తగారి మోకాళ్ళ మీద పడింది.

చాలా ఏళ్ళ తర్వాత ఆమె నాకు చెప్పింది. "ఆ రోజు దాకా నేను ఎక్కడో పరాయి దేశంలో ఉన్నాననే అనుకున్నానండీ. మీ నాయనమ్మగారు ఏడుస్తుంటే కళ్ళు మూసుకున్నాను. మా నాయనమ్మే వచ్చిందనిపించింది. ఆ ఊగడం, ఆ రాగం, పేరు పెట్టి అడగడం అన్నీ అవే. మాటలే వేరు."

నేను ఇంటర్ నుంచి డిగ్రీ అయ్యేదాకా తాడేపల్లిగూడెంలో ఆమె దగ్గరే ఉండి చదువుకున్నాను. టీ ఎంత నల్లగా పెట్టేదంటే పాలు పోసినా రంగు మారేది కాదు. మా పల్లెలో వండే పులుసులన్నీ చేసేది, చేపల పులుసు మాత్రం తినేది కాదు. చేపకి సముద్రం వాసన ఉండాలనేది, చెరువు చేప చేపే కాదనేది. కొల్లేటి మనుషుల దగ్గర ఆ మాట అనకమ్మా అని పెదనాన్న బతిమాలేవాడు. సాయంత్రాలు ఊరి బయట పాడుబడిన రన్‌వే మీద నడవడానికి వెళ్ళేది. యుద్ధకాలంలో వేసి వదిలేశారట దాన్ని. జనం దాని మీద ధాన్యం ఆరబోసుకునేవాళ్ళు. ఆదివారం చర్చికి వెళ్ళి వచ్చి, నాయనమ్మ ఊళ్ళో ఉంటే ఆమె దేవుడి గూట్లో వత్తి కూడా ఆమే వెలిగించేది. అందులో ఆమెకి ఏ ఇబ్బందీ కనిపించలేదు.

ఒకసారి బంధువులంతా కలిసి పడవ మీద కొల్లేరు చూడటానికి వెళ్ళాం. మా మేనమామ ఒకాయన పక్షుల్ని చూపించి, "ఇవీ మీలాగే దూరదేశం నుంచి వచ్చినవే అక్కయ్యగారూ," అన్నాడు, మెచ్చుకోలుగానే. "అవి తిరిగి వెళ్తాయి కదండీ," అంది పెద్దమ్మ.

అప్పటికే మా చుట్టుపక్కల ఊళ్ళ నుంచి ఆడవాళ్ళు ఇంటిపనికి కువైట్ వెళ్ళడం మొదలైంది. వెళ్ళేముందు మెడికల్ కోసమో, ఏదో నలతకో పెదనాన్న దగ్గరికి వచ్చేవాళ్ళు. పెద్దమ్మ వాళ్ళని వెనక గదిలో కూర్చోబెట్టి టీ ఇచ్చి మాట్లాడేది. అలా వచ్చిన మనిషే షమీమ్. మా వీధి చివర బట్టలు కుట్టే ఆయన భార్య. భర్తకి చూపు తగ్గి మిషను మీద కూర్చోలేకపోతున్నాడు. ఇద్దరు చిన్నపిల్లల్ని తల్లి దగ్గర వదిలి వెళ్తోంది. ఆ రోజు నేను ఆ గదిలోనే ఉన్నాను.

"భయమేస్తోందండీ అమ్మగారూ," అంది షమీమ్.

"వేస్తుందండీ. నాకూ వేసింది. మొదటి నెల ఎవరితోనూ నవ్వకపోయినా ఫర్వాలేదు. తిండి మాత్రం మానకండి. కడుపు ఖాళీగా ఉంటే ఇల్లు ఇంకా ఎక్కువ గుర్తొస్తుంది," అంది పెద్దమ్మ.

"ఫోన్ చేసినప్పుడు ఏడుపొస్తే ఎలాగండీ? పిల్లలు బెంగపెట్టుకుంటారు."

"బాగున్నాను, బాగున్నాను అనకండి. అలా అంటే ఎవరూ నమ్మరు. ఏం తిన్నారో చెప్పండి. ఆ ఇంట్లో పిల్లలు ఏం అల్లరి చేశారో చెప్పండి. అప్పుడు మీవాళ్ళ కళ్ళకి కనబడతారు మీరు."

షమీమ్ రైలెక్కిన రోజు పెద్దమ్మ స్టేషనుకి వెళ్ళింది. ఆమెని మాత్రమే కాదు, తనకి తెలిసి వెళ్ళే ప్రతి మనిషినీ సాగనంపేది. రైలు కదిలాక, కనుమరుగయ్యాక కూడా కాసేపు నిలబడి వచ్చేది. షమీమ్ కొన్నేళ్ళు చేసి తిరిగి వచ్చింది. వెళ్ళిన కొందరు రాలేదు. ఒకామె పెట్టెలో వచ్చింది. పెట్టె వచ్చిన ఇంటికి పెద్దమ్మ వెళ్ళి, ఆ తల్లి పక్కన రోజంతా కూర్చుంది.

పెదనాన్న పోయాక ఆసుపత్రి మూతపడింది. కువైట్ నుంచి వచ్చిన షమీమ్ ఆ ఇంట్లో ముందు గదిలో మిషను పెట్టుకుని, పెద్దమ్మకి తోడుగా ఉండిపోయింది. అప్పుడే ఐర్లండు నుంచి ఆమె పెద్దన్నయ్య ఫోన్లు చేయడం మొదలుపెట్టాడు. పెళ్ళి చేసుకోలేదు ఆయన, ఆ ఇంట్లో ఒక్కడే. తల్లి పోయి అప్పటికే చాలా ఏళ్ళు. ఆ కబురు పెద్దమ్మకి అందేసరికి సమాధి మీద గడ్డి కూడా మొలిచి ఉంటుంది. ఒక్కసారి రా అని ఆయన ప్రతి ఫోన్‌లోనూ అడిగేవాడు. ఎందుకు వెళ్ళరండీ అని నేనంటే, "వెళ్తే ఎవరింటికి వెళ్ళినట్టో తెలియదండీ," అనేది. చివరికి ఒక వేసవి సెలవుల్లో, నన్ను తోడు రమ్మని, బయలుదేరింది.

విమానాశ్రయంలో ఆ దేశంవాళ్ళకి ఒక వరస, బయటివాళ్ళకి ఒక వరస. ఆమె దగ్గరున్నది మన పాస్‌పోర్టు. చీర కట్టుకుని, పైన స్వెట్టరు వేసుకుని నాతోపాటు బయటివాళ్ళ వరసలో నిలబడింది. అద్దం వెనక కుర్రాడు పాస్‌పోర్టు తిప్పి చూసి, పుట్టిన ఊరు దగ్గర ఆగి, ఆమె ముఖంలోకి చూశాడు.

"ఎన్నాళ్ళుంటారమ్మా?" అన్నాడు.

"మూడు వారాలు."

"ఎవరిని చూడటానికి?"

పెద్దమ్మ కొంగు సర్దుకుంది. తర్వాత, "మా అమ్మని," అంది.

అతను ముద్ర వేసి, "ఇంటికి వచ్చారు, సంతోషం," అన్నాడు. మనస్ఫూర్తిగానే అన్నాడు. ఆ ముద్ర కిందే ఏ తేదీలోపల దేశం విడిచి వెళ్ళాలో రాసి ఉంది. పెద్దమ్మ అద్దాలు పెట్టుకుని దాన్ని చదివి, పాస్‌పోర్టు సంచిలో పెట్టుకుంది.

ఆ దేశం ఆమెకి తెలిసిన దేశం కాదు. రాళ్ళ పొలాల మధ్య కొత్త ఇళ్ళు లేచాయి. ఎప్పుడూ మనుషుల్ని బయటికి పంపిన దేశానికి ఇప్పుడు బయటి నుంచి మనుషులు పనికి వస్తున్నారు. పక్క ఊళ్ళో సరుకుల కొట్టులో ఉన్న అమ్మాయిది యూరప్‌లోనే తూర్పున ఎక్కడో దేశం. పెద్దమ్మ చీర చూసి, ఇంగ్లీషు రాదనుకుని, ఒక్కొక్క మాటా విడదీసి గట్టిగా చెప్పింది. పెద్దమ్మ ఓపిగ్గా విని, ఆ ఊరి యాసలోనే, "ఈ వారం మీ అమ్మకి ఫోన్ చేశావా?" అని అడిగింది. ఆ అమ్మాయికి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "లేదు," అంది. "చెయ్యి. ఏం తిన్నావో చెప్పు," అంది పెద్దమ్మ.

అన్నయ్య పొడుగ్గా, కొంచెం వంగిన మనిషి. ఫోన్లోలాగే ఎదురుగా కూడా తక్కువ మాట్లాడేవాడు. గుమ్మంలో చెల్లెల్ని చూసి, టోపీ తీసి, మళ్ళీ పెట్టుకుని, "ప్రయాణం బాగా జరిగిందా?" అన్నాడు. ఉడకబెట్టిన దుంపలు బల్ల మీద పెట్టాడు. ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని, చేతులు కాలుతుండగా తోలు ఒలుచుకుని తిన్నారు. ఆ వంటింట్లో వాళ్ళిద్దరూ అలా కూర్చుంటే, మధ్యలో గడిచిన కాలం ఎటుపోయిందో నాకు అంతుపట్టలేదు.

మర్నాడు తల్లి సమాధి దగ్గరికి వెళ్ళాం. సముద్రం మీద నుంచి గాలి కొడుతోంది. అన్నయ్య మోకరించి, ప్రార్థన చేసి లేచాడు. పెద్దమ్మ రాయి మీద పేరు చదువుతూ నిలబడింది. ఇక వెళ్దామా అన్నట్టు ఆయన నా వైపు చూశాడు. అప్పుడు పెద్దమ్మ ఆ తడిగడ్డిలో చతికిలబడింది. కొంగు తల మీదకి లాక్కుంది. ముందుకీ వెనక్కీ ఊగుతూ మొదలుపెట్టింది. తెలుగులో.

"నన్ను కన్న తల్లీ, గుమ్మంలో నిలబడి గొడుగు అడిగిన తల్లీ... నీ కబురు నన్ను చేరేలోపు నీ మీద మట్టి ఆరిపోయిందా తల్లీ... ఒక్క మాట రాయకపోతివే తల్లీ, తిట్టయినా రాయకపోతివే తల్లీ..."

అది నాయనమ్మ గొంతు. మా పల్లె రాగం. ఆ చల్లటి గాలిలో, ఆ బూడిదరంగు రాళ్ళ మధ్య, ముప్పై ఏళ్ళకి పైగా ఆగిన ఏడుపు అలా వచ్చింది. దూరంగా పూలు మారుస్తున్న ఇద్దరు చేతిలో పని ఆపారు. అన్నయ్య టోపీ తీసి రెండు చేతులతో పట్టుకుని, ఆమె ఆపేదాకా కదలకుండా నిలబడ్డాడు. ఆయనకి ఒక్క ముక్క తెలుగు రాదు.

ఆమె కళ్ళు తుడుచుకుంటుంటే, "అది మన నాయనమ్మ," అన్నాడు మెల్లగా.

"కాదు. మా అత్తగారు," అంది పెద్దమ్మ.

బయలుదేరే ముందురోజు ఆయన అడిగాడు. "ఇక్కడే ఉండిపోకూడదూ? నీ గది అలాగే ఉంది. నాకూ తోడుగా ఉంటుంది. అక్కడ నీకెవరున్నారు?"

నేను లేచి వెళ్ళబోతే పెద్దమ్మ నా చేయి పట్టుకుని ఆపింది. ఆయన అడిగింది మామూలు మాట కాదు. ఆ గడ్డ మీద పుట్టిన మనిషి, ముద్ర కింద తేదీ ఏదైనా ఉంటానంటే ఉండిపోగలదు.

"నా కొడుకు ఉన్నాడు," అంది.

"నీకు కొడుకు ఉన్నాడా?"

"పొలంలో ఉన్నాడు. ఏడాది కూడా నిండలేదు."

తల్లితో మాటలు లేని రోజుల్లో పోయిన బిడ్డ. పెద్దమ్మ రాసిన జాబుల్లో ఏముందో తల్లి ఆ ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. ఆయన లేచి కిటికీ దగ్గరికి వెళ్ళి, మాకు వీపు చేసి నిలబడ్డాడు. కొంతసేపటికి, "పేరేం పెట్టావు?" అన్నాడు.

"నాన్న పేరు," అంది పెద్దమ్మ.

ఆయన తల ఊపాడు. ఇక ఉండమని అడగలేదు. మర్నాడు బస్సు దాకా వచ్చి, ఆమె పెట్టె లోపల పెట్టి, కిందకి దిగి నిలబడ్డాడు. ఇద్దరూ మళ్ళీ కలవరని ఇద్దరికీ తెలుసు. వచ్చేటప్పుడు విమానంలో ఆమె ఒక్క మాటే అంది. "పాపం, వెళ్ళినవాళ్ళ గురించే అందరూ మాట్లాడతారండీ. ఉండిపోయినవాణ్ణి ఎవరూ అడగరు."

మొన్న ఆషాఢంలో ఆమెని పొలానికి తీసుకెళ్ళాం. పిల్లవాడి పక్కనే ఉంచమని నాకూ షమీమ్‌కీ ముందే చెప్పి ఉంది. తాడేపల్లిగూడెం నుంచి ఫాదర్ వచ్చి గట్టు మీద నిలబడి ప్రార్థన చేశారు. పక్క మడుల్లో ఊడ్పులు జరుగుతున్నాయి. నాట్లు వేసే ఆడవాళ్ళు పని ఆపి బురద కాళ్ళతో వచ్చి నిలబడ్డారు. వాళ్ళలో కొందరు ఆమె చేతుల మీద పుట్టినవాళ్ళే. షమీమ్ తల మీద కొంగు కప్పుకుని, రెండు చేతులూ చాచి, తన మాటల్లో తను దువా చేసుకుంది.

సాయంత్రం ఐర్లండులో పెద్దమ్మ అన్నయ్యకి ఫోన్ చేసి విషయం చెప్పాను.

"ఎక్కడ పెట్టారు?" అన్నాడు.

"పిల్లవాడి పక్కనేనండీ."

"మంచిది," అన్నాడు. "ఎవరైనా ఏడ్చారా?"

"అందరం ఏడ్చామండీ."

"గట్టిగానేనా? ఆమె ఏడ్చినట్టు?"

మేం కర్చీఫులతో కళ్ళు తుడుచుకున్నాం. నాయనమ్మతో ఆ రాగం మా ఇంట్లో పోయింది. పెద్దమ్మ దగ్గర ఉన్నది పెద్దమ్మతో పోయింది. "నాకు ఆ ఏడుపు రాదండీ," అన్నాను.

"ఇక్కడా ఎవరికీ రాదమ్మా," అన్నాడు ఆయన.

ఆ చుట్టుపక్కల పొలాలు చాలావరకు ఇప్పుడు చేపల చెరువులయ్యాయి. పక్క చెరువుల ఊట దిగి మా మడుల్లో వరి నిలవడం లేదు. పొలం చూసే మా తమ్ముడు, పంట చేతికొచ్చాక నాకు ఫోన్ చేసి, "అక్కా, ఇక తవ్వక తప్పేలా లేదు," అన్నాడు. నేను అడక్కముందే, "పెద్దమ్మ దగ్గరికి మిషను రానివ్వనులే. ఆ గట్టు వరకూ వదిలేస్తాను," అన్నాడు.

అన్నట్టే వదిలేశాడు. ఈమధ్య ఒక ఆదివారం షమీమ్, నేను వెళ్ళి చూశాం. కొత్తగా నీళ్ళు పెట్టిన చెరువు, ఎర్రగా ఇంకా తేరుకోలేదు. రోడ్డు నుంచి మనిషి నడిచేంత గట్టు ఒకటి చెరువు మధ్యలోకి పోతుంది. దాని చివర, రెండు మంచాలు వేసుకునేంత నేల. అంతకుమించి ఎటు చూసినా నీళ్ళే. తమ్ముడు అంచు జారిపోకుండా చుట్టూ ఇసుక బస్తాలు వేయించాడు. పెద్ద మట్టిదిబ్బ మీద గడ్డి పచ్చగా లేస్తోంది. పక్కన చిన్నది ఎప్పుడో నేలలో కలిసిపోయింది. షమీమ్ చెప్పులు విప్పి ఒక పక్కన కూర్చుంది. నేనూ కూర్చున్నాను. కొల్లేటి వైపు నుంచి గాలి వీస్తుంటే అలలు వరసగా వచ్చి, బస్తాలకి తగిలి, ఆగి, వెనక్కి పోతున్నాయి. ఎండ తగ్గి నీళ్ళ రంగు మారిపోయేదాకా మేం లేవలేదు. అలలు వస్తూనే ఉన్నాయి.